చింతచెట్టు కింది తాటాకులు

ఎక్కడ ఏ వింత జరిగినా మన ఇళ్లలో ముందుగా వినపడే మాట ఒకటుంది: ‘బ్రహ్మంగారు ఎప్పుడో చెప్పారు!’ రెండు తలల దూడ పుట్టినా అదే మాట. సినిమా హీరో ముఖ్యమంత్రి అయినా అదే మాట. 2020లో కరోనా వచ్చినప్పుడైతే ‘ఇదీ కాలజ్ఞానంలో ఉంది’ అంటూ ఓ పద్యం ఫోన్ల నిండా తిరిగింది. పంపినవాళ్లు చాలామందే. అది ఏ తాటాకు మీద ఉందని అడిగినవాళ్లే తక్కువ!

ఆ తాటాకుల కథ తెలియాలంటే రెండు ఊళ్లు చూడాలి. ఒకటి కడప జిల్లా కందిమల్లాయపల్లె. ఇప్పుడందరూ బ్రహ్మంగారిమఠం అంటున్నది దాన్నే. 17వ శతాబ్దపు యోగి పోతులూరి వీరబ్రహ్మేంద్రస్వామి జీవసమాధి అక్కడే ఉంది. ఏటా వైశాఖ శుద్ధ దశమికి జరిగే ఆరాధనోత్సవాలకు మైదుకూరు మీదుగా జనం తరలివెళ్తారు. రెండోది బనగానపల్లె. ప్రొద్దుటూరు నుంచి జమ్మలమడుగు, కోయిలకుంట్ల దాటి వెళ్తే వస్తుంది. ఇప్పుడు నంద్యాల జిల్లాలో ఉంది. గరిమిరెడ్డి అచ్చమ్మ ఇంట పశువుల కాపరిగా చేరిన బ్రహ్మంగారు దగ్గర్లోని రవ్వలకొండ గుహలో కూర్చుని తాటాకుల మీద కాలజ్ఞానం రాశారని, ఆ గ్రంథాలను అచ్చమ్మగారింట పాతిపెట్టి పైన చింతమొక్క నాటారని భక్తుల నమ్మకం. అక్కడి చింతమాను మఠానికి ఆ పేరు అలా వచ్చిందే. ఊరికి కీడు రాబోతే ఆ చెట్టు ముందే సూచన ఇస్తుందని కూడా చెప్పుకుంటారు.

ఇక్కడే కాస్త ఆగాలి. సంప్రదాయం చెప్పే ప్రకారమే చూసినా, స్వామి స్వయంగా రాసిన ఆకులు మట్టి కింద ఉన్నాయి. మరి మన చేతికొచ్చిందేమిటి? ఆయన నోటితో చెప్పింది. అచ్చమ్మకు కొంత, అన్నాజయ్యకు కొంత, ముడుమాల నుంచి వచ్చిన దూదేకుల శిష్యుడు సిద్ధయ్యకు కొంత చెప్పారంటారు. విన్నవాళ్లు గుర్తు పెట్టుకున్నారు. తంబుర మీటుతూ తత్వాలుగా పాడారు. పాటను ఎవరో తాటాకుకు ఎక్కించారు. ఆ తాటాకును చూసి ఇంకెవరో ఇంకో ప్రతి రాసుకున్నారు.

తాటాకు మీద రాయడం తేలికైన పని కాదు. ఆకును నానబెట్టి, ఆరబెట్టి, సాపు చేసి, ఇనుప గంటంతో అక్షరాలు గీయాలి. పైన మసి పూసి తుడిస్తే గాట్లలో నలుపు నిలిచి అక్షరం కనబడుతుంది. కన్నం చేసి తాడు దూర్చి, రెండు చెక్కల మధ్య కడితే గ్రంథం. ఎంత జాగ్రత్త చేసినా పురుగు, చెమ్మ ఊరుకోవు. కొన్ని తరాలకోసారి తిరగరాయక తప్పదు. తిరగరాసేవాడు యంత్రం కాదు కదా! తాను విన్న తత్వం పాతప్రతిలో లేకపోతే చేర్చేవాడు. అర్థంకాని మాటను అర్థమయ్యేలా దిద్దేవాడు. అందులో మోసం లేదు, భక్తే ఉంది. కానీ ఏది ఎప్పటిదో తేల్చడం మాత్రం కష్టమైపోయింది.

సంవత్సరాల పేర్ల చిక్కు మరొకటి. మన పంచాంగంలో 60 ఏళ్లకోసారి అవే పేర్లు తిరిగొస్తాయి. కరోనా వచ్చిన 2020 ఉగాదికి మొదలైంది శార్వరి. 1960లోనూ శార్వరే, 1900లోనూ శార్వరే. కాబట్టి పేరు చెప్పి ఊరుకున్న జోస్యానికి గడువు తీరిపోవడమంటూ ఉండదు. ఈసారి తప్పితే మరో అరవై ఏళ్లకు చూసుకోవచ్చు!

కాలజ్ఞానం అన్నది బ్రహ్మంగారి ఒక్కరి సొత్తూ కాదు. కన్నడ వీరశైవుల్లో కాలజ్ఞానాలున్నాయి. విజయనగర రాజుల వరసను ముందే చెప్పినట్టుండే కాలజ్ఞానం ఒకటి విద్యారణ్యుల పేరిట ఉంది. అది ఆ రాజుల కాలం గడిచాక రాసిందేనని చరిత్రకారుల మాట. జరిగిపోయినదాన్ని జరగబోయేదిగా చెప్పడం ఆ గ్రంథాల పద్ధతి. రాజ్యాలు కూలి, కరువులు కమ్మిన రోజుల్లో జనానికి ‘ఇదంతా ఎవరో ఎరిగినదే’ అన్న ధైర్యం అలా దొరికేది.

ఇక 1984లో ఎన్టీఆర్ సినిమా వచ్చాక చాలామందికి కాలజ్ఞానమంటే తెరమీద చూసిందే. రంగులు పూసుకునేవాళ్లు రాజ్యమేలుతారని స్వామి చెప్పారని జనం అనుకునే మాటకు, 1983లో ముఖ్యమంత్రి అయిన నటుడే స్వామి వేషం కట్టడం భలే కుదిరింది.

పాతదేదో, కొత్తదేదో తేల్చే దారి లేకపోలేదు. అదీ కడపలోనే కనబడుతుంది. సి.పి.బ్రౌన్ వేమన పద్యాల విషయంలో చేసింది అదే. ఊరూరి నుంచి రాతప్రతులు తెప్పించి, పండితుల చేత పక్కపక్కన పెట్టి పోల్పించి, 1829లో 693 పద్యాలు అచ్చువేశారు. కడపలో ఆయన బంగళా ఉన్నచోటే ఇప్పుడు ఆయన పేరిట భాషా పరిశోధన కేంద్రం ఉంది. తాళపత్రాలను భద్రపరుస్తోంది. కాలజ్ఞానానికి కావలసింది కూడా ఆ పోల్చి చూసే పనే. ఒక పద్యం వందేళ్ల నాటి ప్రతుల్లో ఎక్కడా లేక, ఫోన్లలో మాత్రమే ఉంటే, అది ఎప్పటిదో చెప్పడానికి జ్యోతిష్కుడు అక్కర్లేదు.

అయితే పోల్చడానికి ప్రతులు మిగలాలి. తాతల నాటి తాటాకుల కట్టలు కొన్ని ఇళ్లలో పసుపు కుంకుమలతో పూజగదిలో ఉన్నాయి. కొన్ని అటక మీద చెదలు పాలవుతున్నాయి. ఇంట్లో ఉంచుకోకూడదని ఏటిలో కలిపేసినవాళ్లూ ఉన్నారు. అలాంటి కట్ట మీ ఇంట ఉంటే తడిగుడ్డతో తుడవొద్దు, నూనె రాయొద్దు. తాడు బలవంతంగా లాగొద్దు. కడప బ్రౌన్ కేంద్రం వాళ్లకో, తిరుపతి ఎస్వీ యూనివర్సిటీ ప్రాచ్య పరిశోధన సంస్థ వాళ్లకో చూపించాలి. ముఖ్యంగా చివరి ఆకు జాగ్రత్త. రాసినవాళ్ల పేరు, ఊరు, సంవత్సరం ఉంటే సాధారణంగా అక్కడే ఉంటాయి.