ఫ్లవర్ వాజ్ కూడా పాఠమే!



మన హాస్టల్ వార్షికోత్సవానికి చాలా ఏళ్ళ నుంచి ఒక ఆనవాయితీ ఉండేది. స్టోరు రూములో అటక మీద ఉన్న రెండు ప్లాస్టిక్ ఫ్లవర్ వాజులను దించడం, దుమ్ము దులిపి సబ్బు నీళ్ళలో ముంచి తీయడం, స్టేజీ మీద టేబులుకు అటొకటి ఇటొకటి పెట్టడం. సభ అయిపోగానే అవి మళ్ళీ అటక ఎక్కేవి. వాటిలోని గులాబీలు ఎన్నడూ వాసన ఇయ్యలేదు, ఎన్నడూ వాడిపోలేదు. ఎన్నో బ్యాచులు వచ్చి వెళ్ళిపోయినా అవి మాత్రం అట్లనే ఉన్నాయి.

పోయిన ఏడాది మేము తొమ్మిదో తరగతిలో ఉన్నప్పుడు వాటిని అటక మీదనే వదిలేశాం. చెరువు మట్టితో మేమే పూలకూజాలు చేశాం. పదకొండు చేస్తే మూడు ఆరేటప్పుడు పగిలినయి, రెండు ఆములో పగిలినయి, ఆరు మిగిలినయి. ఆ ఆరింటిలో మన చుట్టుపక్కల చేన్లలో, గట్ల మీద దొరికిన పూలు పెట్టి స్టేజీ మీద ఉంచాం. చాలామంది మెచ్చుకున్నారు. కానీ ఆ రోజు మూడు మాటలు కూడా మా చెవిన పడ్డాయి. ఒకటి: "వచ్చే ఏడు టెన్త్ పెట్టుకుని ఈ మట్టి పిసుకుడేంది?" రెండు: "పూలు సర్దుడు ఆడపిల్లల పని కదా!" మూడోది సభకు వచ్చిన ఒక పెద్దమనిషి అన్నది. అన్నింటికన్నా బాగున్న కూజాను చేతిలోకి తీసుకుని, "ఇది కుమ్మరోళ్ళ పిల్లగాడు చేసి ఉంటాడు. ఎంతైనా రక్తంలో ఉంటది" అన్నారు.

ఆయన మెచ్చుకోలుగానే అన్నారు. అయినా ఆ మాట మాకు ముల్లులా గుచ్చుకుంది. ఈ మూడు మాటలకు జవాబు చెప్పడానికే ఈ వ్యాసం.

మొదటి మాట చదువు గురించి. మట్టి పని వల్ల చదువు పాడవుతుందనేది మా అనుభవంలో నిజం కాదు. చెరువు నుంచి తెచ్చిన మట్టిని ఎండబెట్టి, దంచి, జల్లెడ పట్టి, నానబెట్టి, కాళ్ళతో తొక్కి, రాళ్ళు, వేర్లు ఏరేశాం. అందులో కొంచెం సన్న ఇసుక, బూడిద కలపమని పక్క ఊరి కుమ్మరి తాత చెప్పాడు. ఎందుకని అడిగితే, "వట్టి బంకమట్టి ఆరేటప్పుడు బాగా కుదించుకపోతది బిడ్డా, నెర్రెలు వాస్తది. ఇసుక పట్టి ఆపుతది" అన్నాడు. కూజాను ఎండలో పెడితే పైభాగం ముందుగా ఆరి పగులుతుందని, నీడలో వారం పది రోజులు ఉంచాలని ఆయనే చెప్పాడు. మేము తొందరపడి మూడింటిని ఎండలో పెట్టి పగలగొట్టుకున్న తరువాత గానీ ఆ మాట విలువ మాకు తెలియలేదు.

పచ్చి మట్టి బొమ్మ నీళ్ళలో పడితే కరిగిపోతుంది, కాల్చిన కుండ కరగదు. ఎందుకు? ఆరిన మట్టిలో కూడా దాని కణాలతో రసాయనికంగా కలిసిపోయిన నీరు ఉంటుంది. వేడి సుమారు 600 డిగ్రీల సెల్సియస్ చేరేసరికి ఆ నీరు కూడా బయటికి పోతుంది. అప్పుడు మట్టి మట్టిగా మిగలదు, మళ్ళీ వెనక్కి తిరిగి రాని మరో పదార్థంగా మారుతుంది. రసాయనిక మార్పు అంటే ఏమిటో పుస్తకంలో కంఠస్థం చేశాం గానీ, ఆము చల్లారిన తరువాత ఎర్రగా బయటికి వచ్చిన కూజాను వేలితో కొట్టి ఖంగుమనే చప్పుడు విన్నప్పుడు అది మాకు నిజంగా అర్థమైంది.

పూల దగ్గర కూడా అంతే. కాడను ఏటవాలుగా, వీలైతే నీళ్ళలో ముంచి కోయాలి. బయట కోస్తే దారునాళాల్లోకి గాలి బుడగ దూరి నీరు పైకి ఎక్కనివ్వదు. నీళ్ళలో మునిగే ఆకులను తీసెయ్యాలి, లేకపోతే అవి కుళ్ళి సూక్ష్మజీవులు పెరిగి కాడలు మూసుకుపోతాయి. నీళ్ళు రోజూ మార్చాలి. మట్టి కూజా సన్నటి రంధ్రాల గుండా నీరు చెమ్మగా బయటికి వచ్చి ఆవిరవుతుంది కాబట్టి లోపలి నీరు చల్లగా ఉంటుంది. టేబులు తడవకూడదంటే లోపల ఒక గాజు గ్లాసు పెట్టి అందులో నీళ్ళు పొయ్యాలి, కాకపోతే ఆ చల్లదనం కొంత తగ్గుతుంది. బాష్పీభవనం, కేశనాళికీయత, మొక్కలో నీటి రవాణా అన్నీ ఇందులోనే ఉన్నాయి. 2005 నాటి జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం కూడా చేతి పనిని, కళలను చదువులో భాగం చెయ్యాలనే చెప్పింది. టైంటేబులులో పని విద్య, కళా విద్య అని రాసి ఉన్న పీరియడ్లలో లెక్కలు చెప్పించుకోవడం మనకు అలవాటైపోయింది, అంతే.

రెండో మాట మగపిల్లలు పూలు సర్దడం గురించి. మన తెలంగాణలో ఈ మాట అనడానికి అసలు నోరెట్లా వస్తుంది? బతుకమ్మ పండుగకు తెల్లవారుజామునే చెరువు గట్లకు, గుట్టలకు పోయి తంగేడు, గునుగు తెంపుకొచ్చేది ఎవరు? మన నాన్నలు, అన్నలు కాదా? గునుగు కాడలను సమానంగా కోసి, కట్టలు కట్టి, రంగులద్ది, తాంబాళంలో వరుస మీద వరుస గుండ్రంగా పేర్చి, పైకి పోయే కొద్దీ సన్నం చేసుకుంటూ పోవడం ఎంత లెక్క ప్రకారం జరిగే పని! కింద వెడల్పు తక్కువైతే ఒరిగిపోతుంది. తంగేడు నేడు తెలంగాణ రాష్ట్ర పుష్పం. పూలను పేర్చడం మనకు ఎవరో వచ్చి నేర్పాల్సిన విద్య కాదు.

ఇకెబానా అనే జపాన్ పూల అమరికకు ప్రపంచమంతటా పేరుంది. అది బుద్ధుడి ముందు పూలు సమర్పించే అలవాటు నుంచి పెరిగింది. క్యోటో నగరంలోని రొక్కకుడో ఆలయ పూజారుల దగ్గర రూపు దిద్దుకున్న ఇకెనొబొ సంప్రదాయం నేటికీ నడుస్తున్నది. శతాబ్దాల పాటు దాన్ని నేర్చి నేర్పినవాళ్ళలో ఎక్కువమంది మగవాళ్ళే. యుద్ధం చేసే సమురాయిలు కూడా పూలు అమర్చడం నేర్చుకున్నారు. వాళ్ళ పద్ధతిలో పూలు కుక్కి నింపరు. చాలా అమరికలకు మూడు కొమ్మలు ఆధారం. పొడవైనది ఆకాశం, మధ్యది మనిషి, పొట్టిది భూమి. మిగిలిన ఖాళీ కూడా అందంలో భాగమే. మేము ఆ సూత్రాన్ని మన వస్తువులతో చేసి చూశాం. పొడవుకు రెల్లు, మధ్యకు జొన్న కంకి, కిందికి మూడు ముద్దబంతులు. పొడవైన కొమ్మ కూజా ఎత్తుకు ఒకటిన్నర రెట్లు ఉండేట్టు చూసుకున్నాం. కాడలు పడిపోకుండా ఉండడానికి జపాన్ వాళ్ళు ముళ్ళున్న లోహపు పలక వాడతారు. మేము కూజా మూతిలో పంగల కర్ర ఒకటి అడ్డంగా ఇరికించాం. పైసా ఖర్చు కాలేదు.

బుద్ధుడి ముందు పూల సంగతి వచ్చింది కాబట్టి మన అమరావతిని కూడా తలుచుకోవాలి. సుమారు 1800 ఏళ్ళ కిందటి అమరావతి స్తూపం పలకల మీద పూర్ణఘటం శిల్పాలు ఉన్నాయి. నిండు కుండ, దాని మూతి నుంచి పొంగి వచ్చే తామర పూలు, మొగ్గలు, ఆకులు. అది పూలకూజా కాక మరేమిటి? ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం 2018లో తీసుకున్న రాష్ట్ర చిహ్నం నడుమ ఉన్నది ఆ పూర్ణఘటమే. ఇక మన సాహిత్యంలో రామాయణం రాసిన మొల్లను కుమ్మరి మొల్ల అంటారు. మొల్ల అంటే మల్లె జాతి పువ్వు. కుండ, పువ్వు రెండూ ఒక కవయిత్రి పేరులోనే కలిసి ఉన్నాయి. ఫ్లవర్ వాజ్ అంటే దొరల బంగళాలలోనో, పెద్ద హోటళ్ళలోనో ఉండేది అనుకునే మనం ఈ సంగతి మరచిపోయాం.

కొందరు మిత్రులు కరుణశ్రీ గారి పుష్పవిలాపం గుర్తుచేసి, పూలు తెంపడం తప్పు కదా అన్నారు. నిజమే, ఒక్క గంట సభ కోసం బండెడు పూలు తెచ్చి తొక్కించడం మాకూ ఇష్టం లేదు. అందుకే ఒక్కో కూజాకు అయిదారు కాడలు మించలేదు. అవి కూడా చేన్లలో, గట్ల మీద విరివిగా దొరికేవే. వాడిన తరువాత వాటిని చెట్ల మొదట్లో వేశాం. ఇంకొక జాగ్రత్త కూడా చెప్పాలి. గన్నేరు చూడటానికి బాగుంటుంది కానీ విషం. అన్నం తినే చోట దాన్ని పెట్టకూడదు.

ఇక మూడో మాట. ఇదే అసలు మాట.

ఆ పెద్దమనిషి మెచ్చుకున్న కూజా చేసినవాడు కుమ్మరి ఇంటి పిల్లవాడు కాదు. వాళ్ళ అమ్మానాన్నలు పత్తి చేన్లలో కూలికి పోతారు. మా హాస్టల్‌కు రాకముందు వాడు మట్టితో చేసింది ఎడ్ల బొమ్మలు మాత్రమే. మాలో ఒకడి తండ్రి నిజంగానే కుండలు చేస్తాడు. కానీ ఆ సంగతి నాలుగేళ్ళుగా మాలో ఎవరికీ తెలియదు. హాస్టల్ దరఖాస్తులో తండ్రి వృత్తి దగ్గర వాడు "కూలి" అని రాయించుకున్నాడు. కుమ్మరి తాత దగ్గరికి పోయిన రోజు వాడు వెనక నిలబడ్డాడు. తాత సారె తిప్పి, మట్టి ముద్దను నడిమధ్యకు తేవడం ఎట్లాగో చూపించి ఎవరైనా కూర్చుంటారా అంటే, ఒక్కొక్కరం కూర్చుని ముద్దను ఎగిరిపడేట్టు చేశాం. అప్పుడు వాడు వచ్చి కూర్చున్నాడు. రెండు చేతులతో అట్లా పట్టుకోగానే ముద్ద నిలిచింది. మేము నోరు తెరిచి చూశాం. "ఆరేళ్ళప్పటి నుంచి నాన్న పక్కన కూర్చున్న రా" అన్నాడు తల దించుకుని.

అంటే వాడికది రక్తంలో రాలేదు. ఏళ్ళ తరబడి చూసి, చేసి, చెడగొట్టి నేర్చుకున్నాడు. మిగతా మాకందరికీ మట్టి తాళ్ళు చేసి ఒకదాని మీద ఒకటి చుట్టి, అతుకుల దగ్గర మట్టి గంజి పూసి నునుపు చేసే పద్ధతి నేర్పింది వాడే. తమాషా ఏమిటంటే ఆములో పగిలిన రెండింటిలో ఒకటి వాడిదే. తడి పూర్తిగా ఆరకముందే పెట్టాడు. "ఆముకు కులం తెలుస్తదారా?" అని వాడే నవ్వాడు. కుమ్మరికి ఒక ఏడు, గుదియకు ఒక పెట్టు అనే సామెతకు అర్థం ఆ రోజు తెలిసింది.

ఈ సంగతి ఇంత వివరంగా ఎందుకు చెబుతున్నామంటే, చేతి పని పేరు మీద మన వంటి పిల్లలను చదువుకు దూరం చేసే ప్రమాదం ఒకటి ఉంది. 1953లో మద్రాసు రాష్ట్రంలో రాజాజీ ప్రభుత్వం ఒక పథకం తెచ్చింది. పల్లెటూళ్ళ ప్రాథమిక పాఠశాలల్లో పిల్లలకు బడి రోజుకు మూడు గంటలే, మిగతా సమయం తల్లిదండ్రుల పని నేర్చుకోవాలి. అది మొదలైన నాటికి ఆంధ్ర ప్రాంతం కూడా ఆ రాష్ట్రంలోనే ఉంది. కుమ్మరి కొడుకు కుండలే చెయ్యాలి, చెప్పులు కుట్టేవాడి కొడుకు చెప్పులే కుట్టాలి అన్నట్టుగా ఉన్న ఆ పథకాన్ని కులవిద్య అని పెరియార్ వంటివారు ఎదిరించారు. 1954లో కామరాజ్ ముఖ్యమంత్రి అయిన తరువాత అది రద్దయింది. అట్లాంటి విద్య మాకు వద్దు. దాన్ని కళ పేరుతో తెచ్చినా వద్దు.

మరి మట్టి పనిని వదిలెయ్యాలా? అదీ వద్దు. వదిలేస్తే మన మిత్రుడు తన తండ్రి పనిని దాచుకుంటూనే ఉంటాడు. కంచ ఐలయ్య గారు పిల్లల కోసం ఇంగ్లీషులో రాసి 2007లో వెలువడిన "టర్నింగ్ ది పాట్, టిల్లింగ్ ది లాండ్" అనే పుస్తకం చెప్పేది శ్రమ గౌరవం గురించే. గౌరవం ఉపన్యాసంతో రాదు. డాక్టరు గారి అబ్బాయి, కలెక్టరు గారి అమ్మాయి కూడా మట్టి తొక్కినప్పుడు వస్తుంది. పుట్టుకను బట్టి ఒకరి నెత్తిన పెడితే అది కులవిద్య. అందరూ ఇష్టంతో నేర్చుకుంటే అది విద్య. మా అభిప్రాయం ఇదే.

కాబట్టి వార్డెన్ సార్‌కు, ఉపాధ్యాయులకు, మా తమ్ముళ్ళకు మా విన్నపాలు ఇవి. ప్రతి ఏడు వార్షికోత్సవానికి నెల రోజుల ముందు రెండు ఆదివారాలు దీనికి కేటాయించాలి. ఎవరు ఏ పని చెయ్యాలో చీటీలు వేసి తేల్చాలి, ఇంటి పేరు చూసి కాదు. కుమ్మరి తాతను కుండలు మోసుకొచ్చే మనిషిగా పిలవకుండా గురువుగా పిలిచి, ఆయన రోజు కూలికి తక్కువ కాకుండా ఇచ్చి, సభనాడు స్టేజీ మీద కుర్చీ వెయ్యాలి. కూజా కింద చేసినవాడి పేరు, తరగతి రాయాలి.

మేము ఈ ఏడాదితో హాస్టల్ విడిచి వెళ్తున్నాం. ఈ సంచిక మీ చేతికి అందే వేళకు స్టేజీ మీద కొత్త కూజాలు ఉంటాయి. పగిలినవి కూడా ఒక పక్కన పెట్టమని చెప్పాం, ఎందుకు పగిలిందో చీటీ రాసి. ఇంకొక మాట. మా మిత్రుడు ఈ మధ్య కాలేజీ దరఖాస్తు నింపాడు. తండ్రి వృత్తి దగ్గర ఎవరినీ అడగకుండా, తన చేతితోనే "కుండలు చేయడం" అని రాశాడు. మేము పక్కనే ఉండి చూశాం.

తమ్ముళ్ళూ! ఆ ప్లాస్టిక్ పూలను మాత్రం అటక దించకండి.