బొమ్మల పుస్తకములపై దండయాత్ర

గడచిన మాసమున మా కోహీరులో కొందరు గృహస్థులు ఒకచో గూడి, జపాను దేశపు బొమ్మకథలు పిల్లల చేతులలో నుండరాదని నిశ్చయించిరి. ఆ కూటమికి మమ్మును గూడ పిలిచిరి. ఉపాధ్యాయులము గనుక తమ పక్షముననే మాటలాడుదుమని వారి నమ్మిక. మేము మాటలాడితిమి, వారికి రుచింపలేదు. అక్కడ చెప్పనిచ్చినది కొంత, చెప్పనీయనిది కొంత, ఇక్కడ విన్నవించుకొందుము.

మా యూరు జామపండ్లకును చలికిని పేరుపడినది. తెలుగు, ఉర్దూ, కన్నడము, మరాఠీ ఒక్క సంతలోనే వినబడును. ఇట్టిచోటికి జపాను కథ యెట్లు వచ్చెనని వెరగుపడ నక్కరలేదు. మన పిల్లలు షించాన్ అల్లరిని టీవీలో తెలుగు మాటలతో చూచి పెరిగినవారు. 2025 సెప్టెంబరులో ‘డీమన్ స్లేయర్’ చిత్రము తెలుగు మాటలతోనే సినిమా హాళ్లకు వచ్చెను. తెరమీద చూచిన బాలుడు దానికి మూలమైన పుస్తకమును వెదకును. ఆ పుస్తకమునకే మాంగా యని పేరు. మా పిల్లలు చదువునవన్నియు ఆంగ్లానువాదములు. ఒక్కొక్క సంపుటము వెల నాలుగైదు వందల రూపాయలు. కొనగలవాడు హైదరాబాదునుండి తెప్పించుకొనును. కొనలేనివాడు సెల్‌ఫోనులో దొంగప్రతులు చదువును. అట్టలూడిన ఒక సంపుటమును దారముతో కుట్టుకొని పదిమంది వంతులవారిగా చదువుటను మేము కన్నులార చూచితిమి. పాఠ్యపుస్తకమునకు ఇట్టి కుట్టు పడుట మా యిరువదియేండ్ల యుద్యోగములో చూడలేదు.

ఈ కథలలో బడిపిల్లలు ప్రేమించుకొందురట యని సభలో ఒక పెద్దమనిషి చెవులు మూసుకొనెను. ఆయన కుమారునకు మేము శాకుంతలము చెప్పుచున్నాము. తండ్రి యింటలేని వేళ తపోవనములో జరిగిన గాంధర్వ వివాహమును ప్రశ్నగా నిచ్చి, చక్కగా వ్రాసినవానికి మార్కులు వేయుచున్నాము. దండి దశకుమార చరిత్రములో జూదమున్నది, దొంగతనమున్నది, మారువేషమున అంతఃపురమున జొచ్చుట యున్నది. కేతన దానిని తెనిగించి తిక్కన కంకితమిచ్చెను. తిక్కన చెవులు మూసుకొనెనని ఎవ్వరును వ్రాయలేదు. సంస్కృతమున నున్న శృంగారము రసమును, జపానునుండి వచ్చినది వ్యసనమును అగుట యెట్లో మాకు బోధపడలేదు. పైగా ఆ బడికథలలో నాయికానాయకులు ఒకరి పేరు నొకరు నోరార పిలుచుటకే సంపుటములు గడచిపోవును. మన సినిమాలలోని నాయకుడు కళాశాల వాకిట పిల్లను వెంటాడు తీరుతో పోల్చిచూచినవారెవ్వరును ఆ సభలో లేరు.

వేరొకరు కత్తుల మాట యెత్తిరి. సమురాయిల కథలు చదివి పిల్లలు క్రూరులగుదురట. కత్తిపట్టిన బాలుని కథ మనకు క్రొత్తయా? పల్నాటి బాలచంద్రుని వృత్తాంతము వినుచు మన తాతలు మీసములు దువ్వినవారే. వత్సుకి నొబుహిరో 1994 మొదలు 1999 వరకు వ్రాసి గీసిన ‘రురౌని కెన్షిన్’ కథానాయకుడు యౌవనమున అనేకులను చంపి, పిదప ఎవ్వరిని చంపనని వ్రతము పట్టి, వెన్నువైపున పదును గల కత్తిని ధరించి తిరుగును. దెబ్బ తీసిన ప్రతిమారు ఆ పదును శత్రువునకు గాక తనవైపే చూచుచుండును. ఇట్టి కల్పన క్రౌర్యమును నేర్పునా?

అయినను ఖడ్గమును పూజించు కథలన్నియు నిర్దోషములని మేమనము. యోషికావా ఎయిజి వ్రాసిన ‘ముసాషి’ నవల 1935 నుండి 1939 వరకు అసాహి పత్రికలో ధారావాహికముగా వెలువడెను. ఇనౌయె తకెహికో 1998లో దానినాధారము చేసికొనియే ‘వాగబాండ్’ను మొదలుపెట్టెను. ఆ నవల ఇంటింట చదువబడుచున్న కాలముననే, 1937లో, జపాను సేనలు చీనాపై విరుచుకొని పడినవి. వీరకథను ఆ కాలముతో జతపరచి చదువుట పిల్లలకు నేర్పవలసినది మేమే. పుస్తకమును లాగుకొన్నచో నేర్పుట కేమి మిగులును?

లాగుకొనుట యన్నచో మా సంగతి చెప్పక తప్పదు. రెండేండ్ల క్రిందట మేమును పాఠము నడుమ ఒక బాలుని చేతినుండి ఒక సంపుటమును లాగి బీరువాలో బెట్టితిమి. ఒకనాటి సాయంకాలము, తప్పులు పట్టుకొనవలెనను తలంపుతోనే, తెరచి చదివితిమి. అది ఓయిమా యోషితోకి యను రచయిత్రి రచించిన ‘కొయె నో కతాచి’. గొంతుకకు రూపము అని తాత్పర్యము. 2013, 2014 సంవత్సరములలో పత్రికలో వెలువడి ఏడు సంపుటములైనది. తరగతికి చెవులు వినబడని బాలిక యొకతె వచ్చును. తోడివారితో మాటలాడుటకు ఒక నోటుపుస్తకము తెచ్చుకొనును. ఇషిదా యను బాలుడు ఆమెను ఏడిపించి, చెవికి పెట్టుకొను యంత్రములను పీకి పారవేయును. తరగతి నవ్వును. ఉపాధ్యాయుడు అంతయు ఎరిగియు ఎరుగనట్లుండి, ప్రధానోపాధ్యాయుడు వచ్చి విచారించిననాడు వ్రేలు పెట్టి ఆ బాలునొక్కనిని చూపును. అంతవరకు నవ్వినవారందరును ఒక్క క్షణములో సాధువులై, వానిని వెలివేయుదురు. ఏండ్లు గడచిన పిమ్మట వాడు చేతిసైగల భాష నేర్చుకొని ఆమెను వెదకుకొనుచు పోవును. మిగిలిన సంపుటములన్నియు ఆ ప్రాయశ్చిత్తపు కథ.

మా తరగతిలోను, ఆ సమయముననే, వినికిడి తక్కువగల బాలుడొకడుండెను. వానిని తోడివారు చెవిటిమాలోక మనుచుండిరి. మేము విని ఊరకున్న దినములున్నవి. ఒకటి రెండుమారులు నవ్విన దినములును ఉన్నవి. బాలమనస్తత్వముపై శిక్షణ తరగతులలో వ్రాసికొన్న పుస్తకములు మా యింట అటకమీద నున్నవి. అవి చెప్పలేని మాటను ఆ లాగుకొన్న పుస్తకము చెప్పెను. మరునాడు ఆ బాలుని ముందు వరుసకు మార్చితిమి. సంపుటమును దాని యజమానికి తిరిగి యిచ్చితిమి. రెండవది తెమ్మందురా యని వాడడిగెను.

సంస్కరణాభిమానులైన మన చదువరులు చూడదగిన గ్రంథము మరియొకటి కలదు. వైద్యవిద్య చదివి చిత్రకథకుడైన తెజుకా ఒసాము (1928–1989) బుద్ధుని చరిత్రను 1972 నుండి 1983 వరకు చిత్రించెను. ఆ కథ సిద్ధార్థుని జన్మముతో గాక, చాప్ర యను దాసబాలునితో మొదలగును. వాడు సేనానిని కాపాడి, జన్మము దాచి, వాని యింట కుమారుడుగా పెరుగును. తల్లి కనబడిన నాడు వాని కులము బయటపడును, ఇరువురును చంపబడుదురు. తత్తా యను అంటరాని బాలుడు ఆ కథలో అడుగడుగున నుండును. మన బాలసాహిత్యములో బుద్ధునికథ యనగా హంస, రథము, బోధివృక్షము. ఆ కాలమున ఊరివెలుపల నుండినవారి కేమి జరిగినదని మన పిల్లలకు బొమ్మగీచి చూపినవాడు జపానువాడు. కపిలవస్తువునకు ఎంత దూరముననున్నవాడో! మనము దగ్గరవారము.

బొమ్మలతో కథ చెప్పుట హీనమను వాదమును గూర్చి ఎక్కువ వ్రాయము. చేరియాల నకాశీవారు ఎఱ్ఱని నేలమీద గళ్లుగళ్లుగా చిత్రించిన పటమును విప్పి, కూనపులివారు పద్మశాలీలకు మార్కండేయ పురాణమును, కాకిపడగలవారు ముదిరాజులకు పాండవుల కథను తరతరములుగా చెప్పుచు వచ్చిరి. హొకుసాయి తన చిత్రముల సంపుటమునకు మాంగా యని పేరిడి 1814లో ప్రకటించునాటికి మన పటములు ఊరూర తిరుగుచునే యున్నవి. మా జహీరాబాదు పొంత పస్తాపూరున డెక్కన్ డెవలప్‌మెంట్ సొసైటీలోని దళిత స్త్రీలు, అక్షరములు రానివారయ్యు, కెమేరా పట్టి తమ పొలముల కథలను లోకమునకు చూపిరి.

ఇక వ్యసనమను మాట. కందుకూరి వీరేశలింగముగారి రాజశేఖర చరిత్రము 1878లో వివేకవర్ధనిలో మొదలైనది. వారి తరువాతి తరములలో నవల చదువు ఆడపిల్ల చెడిపోవునని నొసలు ముడిచినవారు కొల్లలు. కొవ్వలి లక్ష్మీనరసింహారావుగారు సుమారు వేయి నవలలు వ్రాసిరి; వానిని లెక్కల పుస్తకముక్రింద దాచుకొని చదివిన బాలురే తాతలై, మనుమల సంచులు తడవిరి. ఆ సభలో అధ్యక్షత వహించినవారు తమ చిన్ననాట డిటెక్టివు నవలలకై ఇంట పైసలు దొంగిలించిన సంగతి మాతోనే చెప్పి నవ్వియున్నారు. నాడు నవ్విన నోరు ఆనాడు సభలో విప్పలేదు.

పిల్లలకు తగని పుస్తకములు ఆ రాశిలో లేవా? కలవు. జపానువారే బాలురకు, బాలికలకు, పెద్దలకు వేర్వేరు పత్రికలుగా విడదీసి అచ్చువేయుదురు. అచ్చుపుస్తకము నిషేధింపబడిన యింట బాలుడు సెల్‌ఫోను తెరచును. అందలి దొంగప్రతులకు అట్టయు లేదు, ఏ వయసువారికను గుర్తును లేదు. నిషేధము చెడ్డదానిని వదలి మంచిదానినే పట్టుకొనును. నకజావా కెయిజి ఆరేండ్ల ప్రాయమున హిరోషిమాలో బాంబు పడగా తండ్రిని, అక్కను, తమ్ముని పోగొట్టుకొని, ఆ యనుభవముతో ‘హదషి నో గెన్’ రచించెను. 2012 డిసెంబరులో, ఆయన మరణించిన మాసముననే, మత్సుయె నగర విద్యాధికారులు ఆ గ్రంథము బడి గ్రంథాలయములలో పిల్లలకు స్వేచ్ఛగా అందకుండ చేసిరి. 2013 ఆగస్టులో సంగతి బయటపడి గగ్గోలు పుట్టగా, ఆ మాసముననే ఆజ్ఞను వెనుకకు తీసికొనిరి. బాంబు వేసినవారిని గాక దానిని చూచి చెప్పినవానిని శిక్షించుట సులభమని వారికి తోచినది కాబోలు.

మన పిల్లలు పరదేశపు పుస్తకములను పట్టుకొన్నారని వగచువారు తెలుగున వారికేమి యిచ్చిరి? 1947లో మదరాసున పుట్టిన చందమామ ఇప్పుడు వెలువడుటలేదు. 1960 నాటి గ్రంథాలయ చట్టము ననుసరించి యింటిపన్నులో రూపాయికి ఎనిమిది పైసలు గ్రంథాలయపు సుంకముగా మనమందరము చెల్లించుచున్నాము. 1930లో మన మెదకు సీమలోనే, జోగిపేటలో, సురవరం ప్రతాపరెడ్డిగారి అధ్యక్షతన మొదటి ఆంధ్రమహాసభ జరిగిన కాలమున, నిజాము ప్రభుత్వపు అనుమానదృష్టి నడుమ చందాలు పోగుచేసి గ్రంథాలయములు పెట్టినవారు మన పెద్దలు. సుంకము కట్టుచున్న మనము ఆ యెనిమిది పైసల లెక్క అడుగుటలేదు.

కావున మేము అర్జీ యొకటి వ్రాసితిమి. తెజుకా బుద్ధచరిత్రము, ఓయిమా ఏడు సంపుటములు, నకజావా గ్రంథము, వానితో తెలుగున ‘రైలుబడి’యను పేర వచ్చిన కురొయనాగి తెత్సుకో పుస్తకము, గ్రంథాలయమున కొనవలెననియు, ఇంటింట వెల పెట్టలేని పిల్లలు అక్కడ కూర్చుండి చదువుకొన నీయవలెననియు అందు కోరితిమి. ఇంతవరకు ముప్పదియొక్క సంతకములు పడినవి. వానిలో తల్లులవి ఇరువదియారు. సభకు వచ్చిన గృహస్థులలో ఇరువురు మాత్రము, చీకటిపడిన తరువాత మా యింటికి వచ్చి, చేసిపోయిరి.