గోడ కూలకముందే గోడు వినాలె

నీళ్లు, నిధులు, నియామకాల కోసం కొట్లాడినం. 2014 జూన్ 2న రాష్ట్రం సాధించుకున్నం. మరి రెండు గదులు వేసుకునే చిన్న ఉద్యోగికి మున్సిపల్ ఆఫీసు మెట్ల మీద పడిగాపులు తప్పాయా?

2020లో టీఎస్-బీపాస్ చట్టం తెచ్చారు. 75 గజాల లోపు జాగలో చిన్న ఇంటికి అనుమతే అక్కర లేదన్నారు. 600 గజాల దాకా స్వీయ ధ్రువీకరణ చాలన్నారు. ఆపైన 21 రోజుల్లో తేల్చాలన్నారు. బాగానే ఉంది. కానీ అదే చట్టంలో, తప్పుడు ప్రకటన ఇస్తే నోటీసు లేకుండానే కూల్చే అధికారం కూడా పెట్టారు. ప్రకటన తప్పో ఒప్పో తేల్చేది ఎవరు? కూల్చే ఆఫీసే! ఫిర్యాదీ, న్యాయమూర్తి ఒక్కరే అయితే అది విచారణ ఎట్లయితది?

2024 సెప్టెంబర్ 30న అమీన్‌పూర్‌లో ఆదివారం పూట కూల్చివేతలపై మన హైకోర్టు హైడ్రా అధికారులను నిలదీసింది. అదే ఏడాది నవంబర్ 13న సుప్రీంకోర్టు దేశమంతటికీ దారి చెప్పింది. కనీసం 15 రోజుల నోటీసు ఇవ్వాలి. మనిషిని పిలిచి వినాలి. కారణాలతో రాతపూర్వక ఉత్తర్వు ఇవ్వాలి. ఆ తర్వాత మరో 15 రోజులు ఆగాలి. మీరితే నష్టాన్ని అధికారే సొంతంగా భరించాలి.

రోడ్లు, ఫుట్‌పాత్‌లు, నదులు, చెరువుల ఆక్రమణలకు ఆ రక్షణ లేదు. ఉండాలని మనమూ అడగం. చెరువు తెలంగాణ ప్రాణం, దాన్ని మింగినోని పక్షాన మనం నిలబడం. కానీ ఆ జాగ చెరువుదా, పట్టాదా అన్నది కాగితం మీద తేలాలె, జేసీబీ తేల్చొద్దు. అనుమతి పత్రంపై సంతకం చేసిన అధికారి హాయిగా ఉంటే, అప్పు చేసి కొన్నోడే రోడ్డున పడుడు ఏం న్యాయం?

హైకోర్టుకు పోవచ్చు గదా అంటారు. నోటీసు ఇవ్వకపోతే, దరఖాస్తు తొక్కిపెడితే రిట్ వేయవచ్చు. కానీ హద్దుల తగాదా వస్తే సివిల్ కోర్టుకు పొమ్మంటారు. చాలాసార్లు 'విని నిర్ణయం తీసుకోండి' అంటూ కేసు మళ్లీ అదే ఆఫీసుకు వస్తది. ఆదిలాబాద్ మనిషి హైదరాబాద్ దాకా తిరిగి, వకీలు ఫీజు కట్టి, చివరికి బయలుదేరిన చోటికే చేరుతడు.

అందుకే జిల్లాకో భవన ట్రిబ్యునల్ పని చేయాలె. అందులో న్యాయాధికారి, ఇంజనీరు ఉండాలె. మున్సిపాలిటీ కింద ఉండొద్దు. గడువులోపు తీర్పు, అప్పటిదాకా యథాతథ స్థితి ఉండాలె.

అందాకా మన జాగ్రత్త మనది. తిరస్కరణ నోటిమాటగా ఒప్పుకోవద్దు, రాసిమ్మని అడగండి. నోటీసుకు గడువులోపు జవాబిచ్చి రసీదు తీసుకోండి. ఫైలు కనిపించకపోతే సమాచార హక్కు దరఖాస్తు పెట్టండి. ఆ కాగితాలే రేపు కోర్టులో మన సాక్ష్యం.

ఉద్యోగ, విద్యార్థి సంఘాలు ఈ డిమాండును ఎత్తుకోవాలె. రాష్ట్రం తెచ్చుకున్నది కుర్చీలు మారడానికి కాదు, మన మాట వినే పాలన కోసం.