కవరు మీద లేని చేతులు

గణపతి నిమజ్జనంలో బెంజో పార్టీ వెంట డ్రమ్ములు వాయించే దాదర్ కుర్రాడికి సినిమా పాటల స్టూడియో మెట్లెక్కాలని ఉంటుంది. ఆ దారి మనకు కొత్త కాదు. హైదరాబాదులో పెరిగిన శంకర్ తబలాతో బొంబాయి చేరి, పృథ్వీ థియేటర్స్ నాటక బృందంలో వాయిస్తూ, జైకిషన్‌తో జతకట్టి 1949లో ‘బర్సాత్’ అనే హిందీ సినిమాకు సంగీతమిచ్చాడు. సంగీత దర్శకుడయ్యాడు గనక పేరు మిగిలింది. తాడ్‌దేవ్‌లోని ఫిల్మ్ సెంటర్ రికార్డింగ్ స్టూడియోలో ఢోలక్, కాంగో వాయించినవాళ్ల సంగతేమిటి? రికార్డు కవరు మీద గాయకుడు, కవి, స్వరకర్త, అక్కడితో సరి. అందరూ కలిసి ఒకే టేకులో వాయించే ఆ రోజుల్లో ఒక్క దెబ్బ తప్పితే పాట మళ్లీ మొదటికొచ్చేది. వీధిలో ఎంత గట్టిగా కొడితే అంత మెప్పు. మైకు ముందు అదే చేతిని అణచాలి. ఈ విద్య ఏ కాలేజీ నేర్పింది? తర్వాత రిథమ్ మెషీన్లొచ్చి చాలా కుర్చీలు ఖాళీ చేయించాయి, అది వేరే ఏడుపు. దాదర్ ఆంధ్ర మహాసభ పెద్దలకు మనవి: సన్మానాల శాలువాలు కొన్ని తగ్గినా ఫరవాలేదు, కామాఠీపురా, వర్లీ చాళ్లలోని ముసలి తెలుగు వాద్యకారుల పేర్లు, వాళ్లు వాయించిన పాటలు ఈ ఏడే రాయించండి.