పాకశాల: లేతకూరల మీగడ పాస్తా

మన పత్రిక చదువు సోదరీమణులు కొందఱు పాస్తా విషయమై రెండు విధముల ప్రశ్నలు వేయుచున్నారు. పిల్లలు హోటలులో తిని వచ్చి ఇంట నట్టిదే కావలెనని మారాము చేయుచున్నారు, చేయు విధము తెలుపుడని తల్లులు వ్రాయుచున్నారు. ఇది మన యింటికి తగిన తిండియేనా, అందు గ్రుడ్డో మఱియేదో కలిసియుండదు గదా, అంత మీగడ పిల్లలకు అరుగునా యని అత్తలును అమ్మమ్మలును అడుగుచున్నారు. మొదటి ప్రశ్నకంటె రెండవదే పెద్దది గావున దానినుండియే మొదలుపెట్టెదను.

పాస్తా యను మాటకు ఇటలీవారి భాషలో పిండిముద్ద యని అర్థము. అంగడిలో దొరకు ఎండుపాస్తా సామాన్యముగా గట్టిగోధుమరవ్వను నీటితో తడిపి, అచ్చులలో ఒత్తి, ఎండబెట్టినది మాత్రమే. ఇటలీలో ఎండుపాస్తాకు ఈ గట్టిగోధుమనే వాడవలెనని 1967వ సంవత్సరమున చట్టము చేసిరి. ఆ గోధుమ మన దేశమునకు క్రొత్తది కాదు. మధ్యప్రదేశమునందలి మాళవప్రాంతమునను, గుజరాతునందలి భాల్ ప్రాంతమునను అది పండును. మన యంగళ్లలో అమ్ముడగు బన్సీరవ్వయు ఆ జాతిదే. సేమ్యాపాయసము చేసికొను ఇంటిలో పాస్తాను పరాయిదానిగా చూడనక్కఱలేదు. గ్రుడ్డు కలుపునది వేఱు. ఉత్తర ఇటలీలో, ముఖ్యముగా బొలోన్యా నగర పరిసరములలో, మెత్తని గోధుమపిండిని గ్రుడ్లతో కలిపి, పలుచగా ఒత్తి, అప్పటికప్పుడు కోసి వండుకొందురు. మన మిక్కడ కొను పొట్లముపై ఆకుపచ్చని చుక్క యున్నచో గ్రుడ్డు లేదని నిశ్చింతగా నుండవచ్చును.

గ్రుడ్డు విషయము తీఱినను చీజు విషయము తీఱలేదు. పార్మిజానో రెజ్జానో యను ప్రసిద్ధమైన ఇటలీ చీజును చేయునపుడు పాలు గట్టిపడుటకై దూడ కడుపునుండి తీసిన పదార్థమును కలుపుదురు. ఆ చీజునకు గల నియమములే అట్లు విధించుచున్నవి. అసలైనది కావలెనని మోజుపడి హెచ్చు వెల యిచ్చి దానిని కొనితెచ్చిన ఇల్లాలు, తెలియక తన యింటి నియమమును తానే తప్పించినదగును. శాకాహారుల యిండ్లలో ఈ యొక్క వస్తువునందు మాత్రము పేరును చూడక చుక్కను చూడవలెను. ఆకుపచ్చని చుక్క గల గట్టిచీజు ఏదైనను ఈ వంటకమునకు చాలును. అదియు దొరకనిచో సాధారణపు చీజును సన్నగా తురిమి వాడవచ్చును. రుచి కొంత తగ్గును గాని వంటకము చెడదు.

ఇక మీగడ. పెద్దల యనుమానము న్యాయమైనదే. హోటళ్లలో పాస్తా పేర పెట్టునది పలుచోట్ల మైదాను వెన్నలో వేయించి, పాలు పోసి, చిక్కబఱచిన తెల్లని సాసు. ఆ సాసును తప్పుపట్టను. ఫ్రాన్సుదేశపు వంటలో దానికి గౌరవస్థానము గలదు. కాని చల్లాఱగానే అది అంబలివలె బిగియును, దానిలో కూరగాయల రుచి తెలియదు. నేను చెప్పబోవు వంటకమున మైదా లేదు, మీగడయు కొంచెమే.

ఈ మీగడ కథ వినదగినది. రోమునగరమున ఆల్ఫ్రెడో దిలేలియో యను పూటకూళ్లయింటి యజమాని యుండెను. 1908వ సంవత్సరమున అతని భార్య ప్రసవించి, తిండి సహింపక నీరసించియుండగా, అతడు వేడివేడి పాస్తాలో వెన్నయు చీజును మాత్రము కలిపి ఆమెకు పెట్టెనని ఆ కుటుంబమువారు చెప్పుదురు. అట్టి కలయిక ఇటలీలో అంతకుముందును కలదు గాని, ఆయన చేతిలో దానికి పేరు వచ్చినది. 1920లో అమెరికా చలనచిత్రతారలగు మేరీ పిక్ఫర్డు, డగ్లసు ఫెయిర్బాంక్సు దంపతులు క్రొత్తగా పెండ్లియాడి రోమునకు వచ్చి, దానిని తిని మెచ్చి, తరువాత ఆయనకు బంగారపు చెంచాను, ముళ్లగరిటెను బహూకరించిరి. నా మట్టుకు నాకు బంగారముకంటె బాలింతకై వండిన ముచ్చటయే బాగున్నది. ఏమైనను, ఆ వంటకమున మీగడ చుక్కయైన లేదు. సముద్రము దాటి అమెరికా చేరిన పిమ్మటనే ఆ పేరుతో మీగడ వచ్చి కూడినది.

కూరగాయలు చేరినది ఇంకను తరువాత. పాస్తా ప్రిమవేరా, అనగా వసంతపు పాస్తా, 1970 తరువాతి సంవత్సరములలో న్యూయార్కున ప్రసిద్ధికెక్కినది. అచ్చటి ల సిర్క్ అను భోజనశాల యజమాని సిరియో మచ్చియోని 1975లో కెనడాలోని నోవాస్కోషియాకు పోయినపుడు ఇది పుట్టినదని చెప్పెను. మొదట చేసినది తామేయని చెప్పిన వారు మఱికొందఱును కలరు. 1977లో క్రెయిగ్ క్లెయిబోర్ను, పియరు ఫ్రానే యను వారు న్యూయార్కు టైమ్సు పత్రికలో దీనిని వండు విధమును ప్రకటించిరి. ఆ భోజనశాలలోని ఫ్రెంచి వంటవారు మాత్రము పాస్తా తమ వంటయింట అడుగుపెట్టరాదని పట్టుపట్టగా, బయట నడవలో ఎసరు పెట్టి వండవలసివచ్చినదట! మడి మనకొక్కరికే కలదని యెవరనగలరు?

మీగడ లేకున్నను ఆల్ఫ్రెడో పాస్తా మీగడవలె నుండుటకు హేతువు ఎసరు. పాస్తా ఉడుకునపుడు దానిలోని గంజి నీటిలోనికి దిగును. ఆ నీటిని కొంచెము వెన్నతోడను చీజుతోడను కలిపి వేడిమీద గిఱగిఱ త్రిప్పినచో, గంజి ఆ కొవ్వును నీటినుండి విడిపోనీయక పట్టియుంచి, నున్నని పూతగా మాఱి పాస్తాను అంటుకొనును. అన్నము వార్చిన గంజి విలువ ఎఱిగిన మన పూర్వపు స్త్రీలకు ఇది చెప్పకయే తెలిసియుండును. ఇంటిలో పాస్తా ఎండినట్లు వచ్చినదని బాధపడి, మీగడ మీద మీగడ పోయు సోదరీమణులు ఆ నీటిని తూములో పాఱబోయుచున్నారు. దానిని నిలుపుకొన్నచో మీగడ సగము తగ్గును, వెలయు తగ్గును, పెద్దలు భయపడు బరువును తగ్గును.

నలుగురికి కావలసినవి చెప్పెదను. పాస్తా 250 గ్రాములు, తఱిగిన కూరగాయలు అరకిలో, వెన్న 30 గ్రాములు, మీగడ 100 మిల్లీలీటర్లు, తురిమిన చీజు 50 గ్రాములు, మిరియాలు, ఉప్పు. వెల్లుల్లి తినువారు రెండు రెబ్బలు చిదిపి వేసికొనవచ్చును.

కూరగాయల విషయమున నిదానము కావలెను. న్యూయార్కువారి వసంతము మన వసంతము కాదు. మనకు ఉగాది నాటికి బఠాణీ ముదిరిపోవును. లేత బఠాణీయు, తియ్యని క్యారెట్టును, కాలీఫ్లవరును మన యంగళ్లకు పుష్యమాఘములలో వచ్చును గనుక ఆ దినములే దీనికి తగినవి. పచ్చిబఠాణీ, క్యారెట్టు, బీన్సు, కాలీఫ్లవరుగాని బ్రోకలీగాని, పుట్టగొడుగులు: వీనిలో నాలుగు చాలును. వంకాయ, బెండకాయ దీనికి పనికిరావు. బీరకాయ నీరు విడిచి సాసును పలుచన చేయును. అన్నిటిని బఠాణీగింజకంటె కొంచెము పెద్దగా, ఒక్క తీరుగా తఱుగవలెను. పెద్దముక్కలను పిల్లలు ఏఱి ప్రక్కన పెట్టుట మీరెఱిగినదే.

వెడల్పైన గిన్నెలో రెండున్నర లీటర్ల నీరు మరగించి, రెండున్నర చిన్నచెంచాల ఉప్పు వేయుడు. పుట్టగొడుగులు తప్ప తక్కిన కూరలను ఒకదాని వెంట నొకటిగా, వేఱువేఱుగా ఆ మరుగునీటిలో వేసి తీయవలెను. అన్నియు నొక్కసారి వేసినచో బఠాణీ ఉడుకునప్పటికి క్యారెట్టు పచ్చిగానుండును, క్యారెట్టు ఉడుకునప్పటికి కాలీఫ్లవరు చిదికిపోవును. బఠాణీకి రెండు నిమిషములు, తక్కినవానికి మూడు నాలుగు నిమిషములు. చిల్లులగరిటెతో తీసి చన్నీటిలో ముంచి వెంటనే వార్చుడు. రంగు నిలుచును, కొఱికినపుడు కఱకఱ మనును. ఈ పనికి ఓర్పు చాలక కొందఱు కుక్కరులో పెట్టి రెండు కూతలు వేయింతురు. వారు ఈ వంటకము మాని కూర్మా చేసికొనుట మేలు.

అదే నీటిలో పాస్తా వేయవలెను. పొట్లముపై వ్రాసిన కాలమునకు రెండు నిమిషములు ముందుగా ఒక్కటి తీసి కొఱికి చూడుడు. నడుమ సన్నని పలుకు తెలియవలెను. అన్నమున పలుకు దోషము. పాస్తాలో ఆ పాటి పలుకు గుణము. వార్చుటకు ముందుగా రెండు గిన్నెల ఎసరు తీసి ప్రక్కన నుంచుడు. వార్చిన పిమ్మట చన్నీటితో కడుగరాదు. కడిగినచో పైనున్న గంజి పోయి సాసు అంటుకొనదు.

పాస్తా ఉడుకుచుండగనే వెడల్పు మూకుడులో వెన్న కరగించి, వెల్లుల్లియు పుట్టగొడుగులును వేయించి, కూరలన్నియు చేర్చి ఒక్క నిమిషము కలియబెట్టి, మంట తగ్గించి మీగడ పోయుడు. ఇంటి మీగడ వాడువారు ఆనాటి పాలపై కట్టినదానినే తీసి, కొంచెము పాలతో నున్నగా చిలికి వాడవలెను. నాలుగు దినములు కూడబెట్టినది పులిసియుండును గనుక వేడి తగులగనే విఱిగిపోవును. టమాటా కావలసినవారు దానిని విడిగా వేయించి, వడ్డించునపుడు పైన వేసికొనవలెను. పులుపు మీగడకు గిట్టదు.

ఇప్పుడు వార్చిన పాస్తాను మూకుడులో వేసి, అరగిన్నె ఎసరు పోసి, రెండు నిమిషములు ఎగవేయుచు కలుపుడు. మిగిలిన పలుకు ఇచ్చటనే ఉడికి, కూరల రసమును పీల్చుకొనును. మూకుడును పొయ్యిమీదినుండి దింపిన తరువాతనే చీజు చల్లవలెను. మంటమీద వేసినచో ఉండకట్టి గరిటెకు సాగును. బిగిసినట్లు తోచిన మఱికొంచెము ఎసరు పోయుడు. పళ్లెములో పెట్టినపుడు మీరనుకొన్నదానికంటె కొంచెము జాఱుగా నుండవలెను, ఏలనన ముద్ద నోటికి చేరులోపల అది చిక్కబడును. పైన మిరియాలపొడి. ఇటలీవారు వేయు బేసిలు ఆకు దొరకనిచో, సబ్జాగింజలు నాటి కుండీలో పెంచుకొనవచ్చును. ఆ రెండును ఒక్క జాతియే.

ఈ వంటకమునకు ఒక్క దోషము కలదు: అది ఆగదు. పదినిమిషములు మూకుడులో నున్నచో మీగడ యింకి, ముద్దకట్టి, కూరలు వాడి, ఎవరును ఇష్టపడని పదార్థమగును. మన యిండ్లలో ఆడుది అందఱకును వడ్డించి, పిల్లలకు మాఱు పెట్టి, చివరకు అడుగున మిగిలినదానితో సరిపెట్టుకొనును. పప్పును పులుసును ఓర్చుకొని ఆమెకై ఆగును గనుక ఆ యలవాటు సాగుచున్నది. పాస్తా ఓర్చుకొనదు. చీజు చల్లుటకు ముందే పళ్లెములు పెట్టుమని ఒకరికి, నీళ్లు పెట్టుమని ఒకరికి పని చెప్పి, మూకుడును నడుమ నుంచి, ఇల్లాలు తన పళ్లెముతో సహా అన్నిటను ఒక్కసారి పెట్టి, అందఱితోపాటు కూర్చుండవలెను. ఆలస్యముగా వచ్చు మగవారికై ఎత్తిపెట్టవలసివచ్చిన, పాస్తాను కలుపక వేఱుగా నుంచి, వారు కాళ్లు కడుగుకొనునపుడు కలుపుడు. లేదా ఆ పూట మూకుడు దగ్గఱకు వారినే పిలిచి గరిటె చేతికిచ్చినను నష్టము లేదు. రెండు నిమిషముల పని.

తీసియుంచిన ఎసరు మిగిలినచో ఉప్పగా నుండును గనుక మొక్కలకు పోయవలదు. రాత్రి చపాతీపిండి తడుపుటకు వాడుకొని, పిండిలో వేఱుగా ఉప్పు వేయకుండిన సరిపోవును.