బార్ట్లే వెన్నెలకి రంగెందుకు?

"మాయాబజార్" గురించి మాట్లాడమంటే మనవాళ్ళు గంటసేపు ఆపరు. కె.వి.రెడ్డి, పింగళి, ఘంటసాల, ఎస్వీఆర్, సావిత్రి... పేర్లు వరసపెట్టి వచ్చేస్తాయి. కెమెరా ఎవరు అని అడిగి చూడండి, ఒకరిద్దరు చెప్తే గొప్పే.

ఆయన పేరు మార్కస్ బార్ట్లే. ఆంగ్లో ఇండియన్. స్వర్గసీమ (1945), షావుకారు, పాతాళభైరవి, మిస్సమ్మ, మాయాబజార్ (1957), గుండమ్మకథ... ఆదివారం మధ్యాహ్నం అన్నం తిని టీవీ ముందు కూలబడి, ఎన్నోసారో లెక్క లేకుండా చూసే సినిమాల్లో చాలావాటికి కెమెరా ఆయనదే.

"లాహిరి లాహిరి" పాటలో వెన్నెల గుర్తుంది కదా? నిజం వెన్నెల్లో కెమెరా పెడితే ఆనాటి ఫిల్ము మీద చీకటి తప్ప ఏమీ పడదు. ఆ వెన్నెలంతా ఆయన లైట్లతో పుట్టించిందే. మన భాషలో చెప్పాలంటే ఆయన చేతిలో ఉన్నది ఒక్కటే ఛానెల్. ఎర్ర చీరా, పచ్చ చెట్టూ ఒకే బూడిద రంగుగా కలిసిపోయే ప్రమాదముంది. మనిషిని వెనకున్న గోడ నుంచి విడదీయాలంటే వెలుగొక్కటే దిక్కు. సావిత్రి జుట్టు అంచున, భుజాల మీద ఆ సన్నటి వెలుగు గీత అందుకే. అది సోకు కాదు, అవసరం.

2010 జనవరిలో మాయాబజార్‌కి రంగులేసి విడుదల చేశారు. చేసింది హైదరాబాద్ సాఫ్ట్‌వేర్ కంపెనీయే. కష్టాన్ని తక్కువ చెయ్యను. సెకనుకి 24 ఫ్రేములు, మూడు గంటలంటే రెండున్నర లక్షల ఫ్రేములు పైనే. కానీ నాకైతే కన్ను మొహాల మీద ఆగడం మానేసి బట్టల మీదకి పోయింది. వెలుగు చెయ్యాల్సిన పనిని రంగు లాగేసుకుంది.

పోనీ బార్ట్లేకి రంగులు తెలీవా అంటే, కలర్‌లో వచ్చిన "చెమ్మీన్" (1965) ఆయనదే. తమిళ "శాంతి నిలయం"కి 1969 సంవత్సరానికి జాతీయ అవార్డు వచ్చింది, అదీ కలర్ ఛాయాగ్రహణానికే! రంగు ఉంటే రంగుకి తగ్గట్టు, లేకపోతే లేనట్టు లైటింగు చేసిన మనిషి.

"టీవీలో కలర్ సున్నాకి తిప్పితే మళ్ళీ నలుపు తెలుపే కదరా" అన్నాడు మా టీమ్‌లో ఒకడు. థియరీ ప్రకారం కొంతవరకు నిజమే, బూడిద ఛాయని ఉంచుకుని దాని మీదే రంగు పూస్తారు. కానీ ఒరిజినల్ ఎలా ఉంటుందో చూడనివాడికి సున్నాకి తిప్పాలని ఎందుకు తోస్తుంది?

రంగుల్లో చూస్తామనేవాళ్ళు చూసుకోండి, నాకేం గొడవ లేదు. దానికి పెట్టే డబ్బులో కొంత పెట్టి గీతలూ మచ్చలూ తీసేసిన నలుపు తెలుపు ప్రింటు కూడా పక్కనే ఇవ్వండి. కవరు మీద బార్ట్లే పేరు వేస్తే ఇంకా సంతోషం :)