ఇంకొంచెం మసి

మా ఇంట్లో అమ్మ నన్ను తెలుగులో ‘నల్లపిల్ల’ అంటుంది, నాన్నవైపు వాళ్లు తమిళంలో ‘కరుప్పి’ అంటారు. రెండూ ముద్దుకే. తొమ్మిదో తరగతిలో ఉండగా స్కూలు వార్షికోత్సవ నాటకంలో నాకు పనిమనిషి వేషం ఇచ్చారు. నా నలుపు చాలదని ముఖానికి ఇంకొంచెం మసి పూశారు. నేను నోరు తెరవకముందే హాలంతా నవ్వింది. నేనూ నవ్వేశాను.

ఈమధ్య అమెరికా ‘మిన్‌స్ట్రెల్’ ప్రదర్శనల గురించి చదువుతుంటే ఆ నవ్వు గుర్తొచ్చింది. తెల్లవాళ్లు సీసా బిరడాలు కాల్చి, ఆ మసి ముఖానికి పూసుకుని, నల్లవాళ్లను వెక్కిరిస్తూ ఆడి పాడే వినోదం అది. 1830ల్లో థామస్ రైస్ అనే నటుడు ‘జిమ్ క్రో’ పాత్రతో పేరు తెచ్చుకున్నాడు. 1843లో న్యూయార్కులో ‘వర్జీనియా మిన్‌స్ట్రెల్స్’ బృందం బయలుదేరింది. వేదిక మీది నల్లవాడు సోమరి, తెలివితక్కువవాడు, బానిసత్వంలోనూ హాయిగా ఉండేవాడు. అసలు బానిసలేమో అప్పుడు పత్తి చేలల్లో కొరడా దెబ్బలు తింటున్నారు. తర్వాత నల్లవారిని స్కూళ్లలో, రైళ్లలో వేరుగా కూర్చోబెట్టిన చట్టాలకు వాడుకలో స్థిరపడిన పేరు కూడా ‘జిమ్ క్రో’యే.

నన్ను ఎక్కువ కలచివేసింది బెర్ట్ విలియమ్స్ కథ. ఆయన నల్లజాతి హాస్యనటుడు. 1910లో న్యూయార్కులో పేరుమోసిన ‘జీగ్‌ఫెల్డ్ ఫాలీస్’లో చేరాడు. అంతటివాడూ మసి పూసుకునే వేదిక ఎక్కాల్సి వచ్చింది. జనం చూడాలనుకున్నది ఆయన ముఖం కాదు, తాము ముందే గీసిపెట్టుకున్న బొమ్మ.

“సరదాకే కదా, నాటకమన్నాక రంగు పూయరా?” అని అడుగుతారు. పూస్తారు. కృష్ణుడి వేషానికి నీలం పూస్తాం, చూసినవాళ్లు చేతులు జోడిస్తారు. తప్పు రంగుది కాదు, ఆ రంగును చూపించి ఎవరిని తక్కువ చేస్తున్నాం అన్నదే ప్రశ్న. బ్రిటన్‌లో బీబీసీ కూడా ఇలాంటి కార్యక్రమాన్ని సరదా పేరుతోనే 1958 నుంచి 1978 దాకా నడిపింది.

అమెరికా బానిసల బాధా, నా స్కూలు నాటకమూ ఒకటే అనను. ఆ బాధతో నాది తూచడం తప్పు. కానీ ‘నల్లగా ఉంటే పనిమనిషి, పనిమనిషి అయితే నవ్వు’ అన్న లెక్క మాత్రం అక్కడిలాంటిదే.

ఈసారి మన డిపార్ట్‌మెంట్ నాటకంలోనూ పనిమనిషి పాత్ర ఉందట. ఎవరు వేసినా సరే, మసి మాత్రం పూయొద్దు. నవ్వు కావాలంటే ఆ పాత్రకి మంచి డైలాగులు రాద్దాం. రాయడానికి నేనూ కూర్చుంటాను.

— బి.ఏ. ద్వితీయ సంవత్సరం విద్యార్థిని